బాబుకీ బాపుకీ మధ్య

మొన్న ఆదివారం మానస వచ్చింది. చెప్పులు విప్పుతూ విప్పుతూనే, "పద్మత్తా, నల్లగొడుగు మనిషి ఎవరో కనిపెట్టేసిన. ఇగ నువ్వు అవునంటే సాలు" అంది. నేను అప్పుడే కుక్కర్ దింపి పప్పు మెదుపుతున్నాను. గరిటె చేతిలోనే ఉండిపోయింది. ఈ వయసులో నన్ను కంగారు పెట్టే మాటలు చాలా తక్కువ. డాక్టరు బీపీ ఎంతుందో చెప్పినా "అలాగా" అని ఊరుకుంటాను. కానీ ఆ సీరియల్ పేరెత్తితే మాత్రం ఇప్పటికీ గుండె దడ్‌మంటుంది. ఎందుకో చెప్పాలంటే నేను చేసిన ఒక తప్పు ఒప్పుకోవాలి. ఇన్నేళ్ళూ ఒప్పుకోకుండానే నెట్టుకొచ్చాను.

మానస మా సుజాత వదిన కూతురు. వదిన అన్నానని చుట్టరికాలు వెతక్కండి. దిల్‌సుఖ్‌నగర్‌లో వాళ్ళింట్లో మేము అద్దెకుండేవాళ్ళం, అంతే. ఈ పిల్ల ఒక కోచింగ్ సెంటర్లో లెక్కలు చెబుతుంది, సెలవు రోజుల్లో పాత టీవీ సీరియళ్ళ గురించి వీడియోలు చేసి పెడుతుంది. మా రోజుల్లో ఒక అనవసరమైన విషయం పదిమందికీ తెలియాలంటే కుళాయి దగ్గర నిలబడాల్సి వచ్చేది. ఇప్పుడు కూర్చున్న చోటినుంచే ఆ పని జరిగిపోతోంది. ఎవరో మహానుభావుడు ఆ కాలంలో 'నల్లగొడుగు' సీరియల్‌ని క్యాసెట్లలో దాచి ఉంచాడట, అవి ఈ పిల్ల చేతికి చిక్కాయి. ఫోను నా ముక్కు దగ్గర పెట్టి వీడియో చూపించింది. గొడుగు చాటున మొహం కనపడకుండా తిరిగే ఆ హంతకుడు, మొదటి వారంలోనే రైలు ప్రమాదంలో చనిపోయాడన్న కథానాయిక తండ్రీ ఒక్కరేనని మానస సిద్ధాంతం. తండ్రి ఫొటోలో పక్కనున్న గొడుగుకీ హంతకుడి గొడుగుకీ ఒకే చోట ఊచ విరిగి ఉందట. ఫొటోలో తండ్రి ఎడమచేత్తో పెన్ను పట్టుకున్నాడట, హంతకుడు కూడా గొడుగు ఎడమచేత్తోనే పడతాడట. అన్నిటికన్నా పెద్ద సాక్ష్యం చివరి వారంలో ఉంది. గొడుగు పైకి లేస్తుంది, ఆ మొహం మనకు కనపడదు, కథానాయికకు మాత్రమే కనపడుతుంది. ఆ అమ్మాయి నిర్ఘాంతపోయి "బాపూ... ఎవరు మీరు?" అంటుంది. అక్కడితో ఆ వారం అయిపోయింది. ప్రకటనలు రాక, నిర్మాత చేతులెత్తేసి, ఆ తరవాత సీరియలే అయిపోయింది. గొడుగు కింద ఎవరున్నారో లోకానికి తెలియలేదు.

"బాపు అంటే నాయినే కదత్తా. ఇంకేం కావాలె?" అంది మానస. "నువ్వు ఆ సీరియల్‌కు పనిచేసినవు కద. రైటర్ అట్లనే అనుకున్నడని కెమెరా ముంగట ఒక్క ముక్క చెప్పు. వచ్చే ఆదివారం తాతకు చూపిస్త. అమ్మమ్మ సచ్చిపోయినప్పటికెళ్ళి ఆయన ఎవలతోని మాట్లాడతలేడు. ఈ ఒక్క ముచ్చటంటేనే జర మొహం ఎత్తుతడు."

అదీ నా ఇరకాటం. అవునంటే అబద్ధం. కాదంటే, ఎనభై దాటిన ఒక మనిషి ఇన్నేళ్ళుగా పట్టుకుని ఉన్న ఊతకర్ర లాగేసినట్టు. పప్పులో ఉప్పు వేశానో లేదో మర్చిపోయి రెండోసారి వేశాను. మధ్యాహ్నం దాన్ని మానస నోరెత్తకుండా తింది, మంచి పిల్ల.

ఆ దిల్‌సుఖ్‌నగర్ ఇంటి గురించి చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. నాన్నకు బదిలీ అయి మేము కృష్ణా జిల్లా నుంచి వచ్చి దిగిన ఇల్లు అది. ముందు రెండు గదులు మావి, వెనక మూడు గదులు ఇంటివాళ్ళవి, మధ్యలో ఒకే కుళాయి. ఇంటాయన, మానస తాత, యాదగిరి మామయ్యగారిది నల్గొండ దగ్గర పల్లె, విజయవాడ రోడ్డు మీద సొంత లారీ నడిపేవాడు. ఇంట్లో ఉన్నాడంటే ముందు డీజిల్ వాసన వచ్చేది, ఆ తరవాత బీడీ వాసన, చివరికి ఆయన. మాట్లాడితే మూడు ముక్కలు. ఆయన మాట్లాడని మాటలన్నీ కలిపి లచ్చమ్మ అత్తయ్యగారు మాట్లాడేది. "గారు ఎందుకే పద్మా, నేనేమన్న కలెక్టర్నా?" అని రోజూ కసిరేది, నేను రోజూ గారు అనేదాన్ని. పొద్దున్నే వాళ్ళ వైపునుంచి ఎల్లిగడ్డ కారం నూరే వాసన, మా వైపునుంచి ఇంగువ పోపు వాసన వచ్చి కుళాయి దగ్గర కలుసుకునేవి. మా అమ్మ సొరకాయ అంటే ఆవిడ ఆనిగెపుకాయ అనేది. అమ్మ వెల్లుల్లి అంటే, "ఆ ఎల్లిగడ్డకు గంత పెద్ద పేరెందుకు వదినె?" అని నవ్వేది. మొదటి నెలంతా ఒకళ్ళ మాట ఒకళ్ళకు సగమే అర్థమయ్యేది. ఆ మిగతా సగం కోసమే వాళ్ళిద్దరూ అంతసేపు మాట్లాడుకునేవాళ్ళని నా అనుమానం.

మేము చేరేనాటికి సుజాత వదిన ఆ ఇంట్లోనే ఉండేది. రోజంతా "బాపూ, నీళ్ళు తోడిన", "బాపూ, లారీ తాళాలేడ పెట్టినవ్?" అంటూ తండ్రి వెనకాలే తిరిగేది. మా ఇళ్ళల్లో నాన్నను అంత గట్టిగా పిలిచే అలవాటు లేదు. నాకు ఆ పిలుపు ఎంత నచ్చిందంటే, ఒకసారి మా నాన్నను బాపూ అని పిలిచి చూశాను. ఆయన పేపరు దించి, "ఒంట్లో బాగుందా?" అని అడిగాడు. ఆ తరవాత ఏడాది తిరక్కుండానే వదిన టైపు నేర్చుకునే చోట పరిచయమైన అబ్బాయిని రిజిస్ట్రారు ఆఫీసులో పెళ్ళి చేసుకుని ఎల్బీనగర్‌లో కాపురం పెట్టింది. మామయ్యగారు తిట్టలేదు, కొట్టలేదు. "నాకు బిడ్డ లేదు" అన్నాడు, మూడే ముక్కలు. అంతే, ఆ ఇంట్లో బాపూ అన్న మాట ఆగిపోయింది. రోజూ వచ్చే పాట రేడియోలో రాకపోతే ఎలా ఉంటుందో అలా ఉండేది నాకు. ఎల్బీనగర్ ఎంత దూరం? బస్సెక్కి టిక్కెట్టు తీసుకునేలోపు దిగాల్సిన చోటు వచ్చేస్తుంది. ఆ కాస్త దూరం ఆ మనిషి రెండేళ్ళు వెళ్ళలేదు.

నేను వెళ్ళేదాన్ని. అప్పటికి నాకు ఉద్యోగం దొరికింది, ఉద్యోగమని గొప్పగా అంటున్నాను గానీ అది దస్తూరీ పని. మూసారాంబాగ్‌లో ఉండే ఒక రచయితగారు సీరియళ్ళకు మాటలు చెబుతుంటే రాసుకుని, మూడు కార్బన్లు పెట్టి శుభ్రంగా తిరగరాసి, అబ్దుల్లాపూర్‌మెట్ దగ్గర పెద్ద స్టూడియోలో షూటింగ్ జరుగుతుంటే తీసుకెళ్ళి ఇవ్వాలి. ఆయన కారాకిళ్ళీ నములుతూ చెప్పేవారు, సగం మాటలు కిళ్ళీలో కలిసిపోయేవి. స్టూడియో బస్సు ఎల్బీనగర్ చౌరస్తాలో మారాలి కాబట్టి, లచ్చమ్మ అత్తయ్యగారు సర్వపిండో, పచ్చిపులుసో డబ్బాలో పెట్టి, "ఆమెకు ఇచ్చి పో బిడ్డా. మామకు చెప్పకు" అని పంపేది. మామయ్యగారికి తెలియదని ఆవిడ అనుకునేది. తన ఇంట్లో ఒక స్టీలు డబ్బా వారానికి రెండుసార్లు మాయమై తిరిగొస్తుంటే ఏ మగాడికి తెలియదు చెప్పండి? ఆయన అడిగేవాడు కాదు.

ఇప్పుడు నా తప్పు దగ్గరికి వస్తున్నాను. రచయితగారు చెప్పిన వాక్యం "బాబూ... ఎవరు మీరు?" మా వైపు ముక్కూమొహం తెలియని మగమనిషిని బాబూ అనే పలకరిస్తాం, అందులో రహస్యమేమీ లేదు. నేను రాసింది "బాపూ... ఎవరు మీరు?" అని. చాలా ఏళ్ళు దీన్ని కార్బను మీదికి నెట్టేశాను, కింది కాపీలో అక్షరం అలికిపోయి బ కాస్తా ప అయిందని నాకు నేనే చెప్పుకున్నాను. నిజం కాదు. పై కాపీలోనే ప ఉంది, తలకట్టుతో సహా గుండ్రంగా, అందంగా ఉంది. చెవిలో ఆగిపోయిన మాట చేతిలోంచి వచ్చేసింది, అంతకన్నా నేనేమీ చెప్పలేను. కథానాయిక బొంబాయి పిల్ల, ఏం రాసిస్తే అది బట్టీ పట్టి చెప్పేది. గొంతు అరువిచ్చిన ఆవిడా ముందున్న కాగితమే చదివింది. డైరెక్టరు అది రచయితగారు పెట్టిన మలుపనుకుని లోపల్లోపల మెచ్చుకున్నాడు. రచయితగారు టీవీలో చూసి, అది డైరెక్టరు చేసిన మార్పనుకుని, తనకు తెలియకుండా జరిగిందని ఒప్పుకోవడం నామోషీ అయి, అడిగినవాళ్ళకల్లా "చూస్తూ ఉండండి" అన్నారు. ఇద్దరి మధ్యా నేను నోరు కుట్టేసుకుని కూర్చున్నాను. ఉద్యోగం పోతే ఇంటిపట్టునే కూర్చోబెట్టి పెళ్ళి చేసేస్తారన్న భయం నాది.

ఆ గురువారం సాయంత్రం ఇప్పటికీ కళ్ళకు కట్టినట్టుంది. గల్లీలో రంగుల టీవీ లచ్చమ్మ అత్తయ్యగారిదే కాబట్టి ఇరవై మందిమి చాపల మీద ఇరుక్కుని కూర్చున్నాం. "బాపూ" అని వినపడేసరికి నేను అమ్మ వెనక్కి జరిగాను. అమ్మ, "బాపు ఎవరే? ఆ పేరుగలవాడు కథలో లేడే!" అంది. లచ్చమ్మ అత్తయ్యగారు చాప మీదినుంచి లేచి నిలబడింది. "పేరు కాదు వదినె! నాయిన! వాళ్ళ నాయిన సావలే! బిడ్డను సూడనీకె గొడుగేసుకోని తిరుగుతున్నడు!" అని కేకేసింది. గది గదంతా గోలైపోయింది. తప్పు చేసినదాన్ని గనక తల తిప్పి గుమ్మం వైపు చూశాను. యాదగిరి మామయ్యగారు ద్వారబంధానికి ఆనుకుని, భుజమ్మీది తువ్వాలతో కళ్ళు ఒత్తుకుంటున్నాడు. మర్నాడు పొద్దున కుళాయి దగ్గర అత్తయ్యగారు చెప్పింది కూడా అదే. ఎల్బీనగర్ దగ్గర లారీ ఆపి అన్నం తిందామని ఇంటికొచ్చిన మనిషి, గుమ్మంలోనే నిలబడి సీరియల్ చూసి, తినకుండానే ఏడ్చుకుంటూ వెళ్ళిపోయాడట. ఆ ఆదివారమే భార్యాభర్తలిద్దరూ బస్సెక్కి కూతురింటికి వెళ్ళారు. సాయంత్రం సుజాత వదినా మొగుడూ వాళ్ళతోపాటు దిగితే గల్లీ అంతా బయటికొచ్చి చూసింది.

అప్పటినుంచి గొడుగు మనిషి తండ్రేనన్నది మా గల్లీలో సిద్ధాంతం కాదు, ఇంటి దైవం. సీరియల్ ఆగిపోయినా అది ఆగలేదు. మానస పుట్టాక జోలపాట బదులు ఈ కథే విని పెరిగింది. నేనా, భయపడుతూనే లోపల్లోపల మురిసిపోయాను. తరవాత్తరవాత నేనూ రచయిత్రినై ఎన్నో పుస్తకాలు రాశాను, ఒకటో రెండో బాగున్నాయని అన్నవాళ్ళు కూడా ఉన్నారు. కానీ ఒక తండ్రినీ కూతుర్నీ కలిపిన వాక్యం మాత్రం నేను పొరపాటున రాసిందేనని, రాసే ప్రతి వాక్యం ముందూ గుర్తుచేసుకునేదాన్ని. ఆ గర్వం ఎవరికీ చెప్పుకోలేనిది, అందుకే అంత తీపి.

భోజనాలయ్యాక మానసకు మొత్తం చెప్పేశాను. హంతకుడు తండ్రి కాదు, కథానాయిక ఇంటికి మందులివ్వడానికొచ్చే గడ్డం హోమియోపతి డాక్టరు. టీవీలో రాకుండా ఆగిన తరవాతి నాలుగు వారాల మాటలు నేనే తిరగరాశాను, ఆ గడ్డం పెట్టుడు గడ్డమని కూడా అందులో ఉంది. గొడుగు ఒకటే ఎందుకయిందంటే యూనిట్‌లో ఉన్నది ఒకటే గొడుగు. ఎడమచేతి సంగతంటావా, ఆ గొడుగు పట్టుకుని నడిచింది నటుడు కాదు, ఆ పూట ఖాళీగా ఉన్న పొడుగాటి మనిషి ఎవరైతే వాళ్ళు. ఎక్కువసార్లు లైట్లాయన, ఆయన కుడిచేతికి కాలిన కట్టు ఉండేది. ఇక బాపు నా చేతి తప్పు. ఆ పిల్ల మొహం వాడిపోయింది. వీడియో పోయినందుకు కాదు. "మరి తాతకు ఏం చెప్పాలె?" అంది. ఫోను బ్యాగులో పెట్టేసి, "నేను చెప్పను అత్తా. నువ్వే చెప్పు" అంది. న్యాయమే.

ఆటో ఎక్కి ఇద్దరం కర్మన్‌ఘాట్ వెళ్ళాం. సుజాత వదిన వాళ్ళు అక్కడ సొంతిల్లు కట్టుకున్నారు, మామయ్యగారు ఇప్పుడు వాళ్ళ దగ్గరే. ఎల్బీనగర్ చౌరస్తాలో పైన మెట్రో పట్టాలు, కింద వంతెనలు, మేము బస్సు కోసం నిలబడ్డ చోటు ఎక్కడో గుర్తుపట్టలేకపోయాను. దిగులేమీ వేయలేదు. ఆ ఎండలో గంటలు గంటలు నిలబడ్డది నేను, బాగుండేదని అనమంటే అనలేను. ఒక్కటి మాత్రం పోయింది. ఒకే టీవీ ముందు ఇరవైమంది మోకాళ్ళు తగిలించుకుని కూర్చుంటే ఒక మాట ఇరవై రకాలుగా వినపడేది, ఎవరికి కావాల్సింది వాళ్ళు వినేవాళ్ళు. మానస వీడియో కింద అంతకు ఎన్నో రెట్లమంది రాసుకుంటున్నారు, ఎవరి మోకాలూ ఎవరికీ తగలదు. దారంతా నాది ఒకటే ఆలోచన. ఈ ముసలాయన నన్ను బిడ్డా అని పిలిచే మనుషుల్లో ఆఖరివాడు. మోసం చేశావని మొహం తిప్పేసుకుంటే ఏం చెయ్యను?

మామయ్యగారు వరండాలో కుర్చీలో కూర్చుని ఉన్నాడు. బాగా సన్నబడ్డాడు, చేతులు మాత్రం ఇంకా లారీ స్టీరింగుకు సరిపడా ఉన్నాయి. సుజాత వదిన లోపల బట్టలు మడత పెడుతోంది. "దా బిడ్డా" అన్నాడు. నేను పక్కనే ఎత్తుపీట మీద కూర్చుని, గుక్క తిప్పుకోకుండా చెప్పేశాను, దస్తూరీ, కార్బను, బ, ప అన్నీ. "ఆ సీరియల్ పిల్ల అనాల్సింది బాపూ కాదు మామయ్యగారూ, బాబూ. తండ్రి కథ మొత్తం నా చేతి తప్పు. మీరు దాన్నే నమ్మి ఏడ్చారు. నన్ను క్షమించండి" అన్నాను.

ఆయన నా వైపు చూశాడు. తరవాత మానస వైపు చూశాడు.

"నేను సూడలే" అన్నాడు.

"ఏంది తాతా?"

"గా సీరియలు. నేను సూడలే. గా బేస్తవారం నేను సూర్యాపేట కాడున్న. కమాను పట్టీ ఇరిగి లారీ రోడ్డు మీద నిలవడ్డది. శనివారం పొద్దుగూకంగ ఇల్లు చేరిన."

"కాదు మామయ్యగారూ, నేను చూశాను. గుమ్మంలో ఉన్నారు. తువ్వాలతో..." అన్నాను.

"నువ్వు సూసింది నన్ను కాదు బిడ్డా. మీ అత్త చెప్పంగ చెప్పంగ నీకు కండ్లవడ్డట్టయింది." ఆయన నవ్వాడు, అంత పెద్దగా నవ్వడం నేనెప్పుడూ చూడలేదు. "నేను లారీ దిగి గల్లీల అడుగు పెడితె, పాల దుకాణపాయన, 'ఏం యాదగిరన్నా, బిడ్డ దగ్గరికి ఎప్పుడు పోతున్నవ్' అని అడిగె. ఆ పక్కామె, 'మంచిగ చేసినవ్ అన్నా, ఏడిస్తె తప్పు లేదు' అనవట్టె. నాకేం సమజైతలేదు. ఇంట్లకు వొయ్యి ఏందే గిదంటె మీ అత్త నీళ్ళిచ్చుకుంట సల్లగ చెప్పింది. 'నువ్వు సీరియల్ సూసి ఏడ్చినవని గల్లీ అంత చెప్పిన. ఇగ రేపు పోకుంటె ఇజ్జత్ నీదే పోతది' అన్నది."

లోపల బట్టలు మడత పెట్టే చప్పుడు ఆగిపోయింది. సుజాత వదిన గుమ్మంలోకి వచ్చి నిలబడింది, ఈ ముక్క ఆవిడా ఇప్పుడే వింటోందని మొహం చూస్తేనే తెలిసింది.

నాకు నవ్వొచ్చింది, వెంటనే కాస్త ఉక్రోషమూ వచ్చింది. ఇన్నేళ్ళ నా రహస్య గర్వాన్ని లచ్చమ్మ అత్తయ్యగారు కుళాయి దగ్గర బిందె నింపుకుంటూ కొట్టేసింది. నా అక్షరం కాకపోతే ఆవిడ ఇంకేదో పట్టుకునేది. వాతావరణ వార్తలు అడ్డం పెట్టుకునైనా సరే మొగుణ్ణి ఎల్బీనగర్ పంపి ఉండేది, నాకు అనుమానం లేదు. గొడుగు మనిషి ఎవరో ఆవిడకు పట్టనే లేదు.

"మరి ఇన్నేండ్లు ఎందుకు చెప్పలే తాతా?" అని అడిగింది మానస.

"ఆమె చెప్పిన ముచ్చట. నేనెట్ల కాదంట?"

"అయితే నువ్వు ఏడ్వనే లేదా?"

ఆయన కుర్చీ చేతి మీద వేలితో రాస్తూ కూర్చున్నాడు. సుజాత వదిన వైపు చూడలేదు. "సీరియల్‌కు ఏడ్వలే" అన్నాడు. "ఆడికి పోయినంక, బిడ్డ తలుపు తీసి, పరాయోనికి ఇచ్చినట్టు కాళ్ళకు చెంబుతోని నీళ్ళిచ్చింది. గప్పుడు ఏడ్చిన. చెంబు కింద పెట్టలేకపోయిన. గా సంగతి మాత్రం మీ అమ్మమ్మ ఎవ్వలికి చెప్పలే."